సహజంగా పలకవలసిన పదాలు

కుసుమకుమారి పోయిన రోజునే స్లాంగ్ పథకం ఉత్తర్వు మా బడికి వచ్చింది. రెండింటికీ సంబంధం లేదు. సంబంధం తర్వాత కల్పించారు.

కుసుమకుమారి నా భార్య. నెల్లిపేట జిల్లా పరిషత్ ఉన్నత పాఠశాలలో తెలుగు టీచరు. అదే బడిలో నేను ఇంగ్లీషు చెబుతాను. ఆ రోజు మూడో పీరియడ్‌లో ఆమె ఏడో తరగతికి ‘పనసపండు దొంగ’ అనే పాఠం చెబుతోంది. ఒకరి పెరట్లో పనసపండు పోతుంది. దొంగ ఎవరో తేలదు. ఒక ముసలమ్మ ఊరి వాళ్ళందరినీ వరసగా నిలబెట్టి, చేతులు చాపమంటుంది. అక్కడిదాకా చెప్పి కుసుమ సుద్దముక్క బల్ల మీద పెట్టింది. కాస్త తల తిరుగుతోంది, ఆగి చెబుతాను అందట. కుర్చీలో కూర్చుంది. పక్క గదిలో నేను పాసివ్ వాయిస్ చెబుతున్నాను. పిల్లలు పరిగెత్తుకొచ్చి పిలిచారు. ఆస్పత్రికి చేరేలోపే అయిపోయింది.

ఉత్తర్వు ఆ మధ్యాహ్నం వచ్చింది. మా హెడ్మాస్టరు దాలినాయుడు గారు దహనానికి వచ్చినప్పుడు ఆ కాగితం ఆయన చొక్కా జేబులోనే ఉందట. నాకు చూపించలేదు. ఆయన మంచివాడు. మంచితనాన్ని ఆయన ఎప్పుడూ కాగితం కనబడనంత సేపే వాడుకుంటారు.

మా బడికి ఒక ఆనవాయితీ ఉంది. ఉద్యోగంలో ఉండగా ఎవరైనా టీచరు పోతే, సంతాప సభ కంటే ముందు వాళ్ళు సగంలో ఆపిన పాఠాన్ని పూర్తి చేస్తాం. వాళ్ళ పీరియడ్‌లోనే, వాళ్ళ తరగతిలోనే. బడి అంతా వరండాలో నిలబడి వింటుంది. పాఠం అయ్యాక బెల్లు కొడతారు. ఇది ఎవరు మొదలుపెట్టారో తెలియదు. ఏ రూల్సు పుస్తకంలోనూ లేదు. డ్రాయింగు మాస్టారు పోయినప్పుడు ఆయన బోర్డు మీద సగం వేసిన చిలకను మా డ్రిల్లు మాస్టారు పూర్తి చేశాడు. అది చివరికి కాకిలా తేలింది. ఎవరూ నవ్వలేదు. లెక్కల మాస్టారు పోయినప్పుడు ఆయన వదిలేసిన లెక్కను పదో తరగతి పిల్లలే పూర్తి చేశారు. జవాబు తప్పు వచ్చింది. బెల్లు మాత్రం కొట్టారు.

కార్యక్రమాలు ముగిశాక బడికి వెళ్ళాను. దాలినాయుడు గారి గదిలోకి వెళ్ళి, కుసుమ పాఠం ఎప్పుడు పెట్టుకుందామని అడిగాను.

ఆయన కళ్ళద్దాలు తీసి తుడిచారు. మళ్ళీ తుడిచారు.

“ఆ పీరియడ్ లేదు మాస్టారూ.”

“లేదంటే?”

“పోయింది. అంటే... మారిపోయింది. ఏటి చెప్పమంటారు. మీరే చదవండి.”

జేబులోంచి కాగితం తీసి ఇచ్చారు. అన్ని రోజులూ ఆ జేబులోనే ఉన్నట్టుంది. చెమటకి మడతలు చిరిగాయి.

ప్రభుత్వ పాఠశాలల విద్యార్థులు ఆంగ్లమునందు దీర్ఘ వాక్యములు నేర్చియు, యువతరము వాడుకొను హ్రస్వ పదములయందు మిక్కిలి వెనుకబడి యున్నట్లు గమనించడమైనది అని అందులో ఉంది. కావున ‘యువజన వ్యావహారిక ఆంగ్ల పద సామర్థ్య పథకము’ తక్షణమే అమలులోకి వచ్చును. దీని పుట్టుక గురించి మా స్టాఫు రూములో ఒక కథ చెప్పుకున్నారు. ఒక పెద్ద అధికారి పట్నంలో కాఫీ తాగుతూ, పక్క బల్ల దగ్గర కుర్రాళ్ళు మాట్లాడుకునేది ఒక్క ముక్క అర్థం కాక, చాలాసేపు విన్నాడట. తనకు అర్థం కానిది ఏదైనా చదువే అయి ఉండాలని ఆయన నమ్మకం. మర్నాడు పథకం తయారయింది.

కొత్త పీరియడ్లు సృష్టించడానికి అనుమతి లేదు. అందుకని, ఏ కారణము చేతనైనను ఖాళీ ఏర్పడిన పీరియడ్, ఖాళీ ఏర్పడిన క్షణము నుండి పథకమునకు సంక్రమించును అన్నారు. మా బడిలో ఖాళీ ఏర్పడింది ఒక్కటే.

“సగం పీరియడ్ కుసుమ గారిదీ, సగం పథకానిదీ అన్నమాట ఆ రోజు,” అన్నారు దాలినాయుడు గారు. అని, అన్నందుకు నొచ్చుకున్నారు. “బోధకుడిగా ఇంగ్లీషు మాస్టారే ఉండాలని రాశారు. అంటే మీరే. ఒప్పుకోకపోతే నాకు మెమో వస్తాది. రిటైర్మెంటుకి దగ్గర పడ్డాను మాస్టారూ.”

“ఒక్క పీరియడ్ చాలు సార్. పాఠం పూర్తి చేసి ఇచ్చేస్తాను.”

“ఇచ్చేయడానికి అది మన దగ్గర ఉంటే కదా.”

అలా నా భార్య తరగతిలో, ఆమె కుర్చీ పక్కన నిలబడి, నేను స్లాంగ్ చెప్పడం మొదలుపెట్టాను.

పథకంతో పాటు ఒక కరదీపిక వచ్చింది, ఒక టాబ్ వచ్చింది. కరదీపికను అర్థ నిర్ధారణ సంఘం వారు తయారు చేశారు. కుర్రాళ్ళ మాటలకు అర్థం నిర్ణయించే పని కదా అని, అనుభవజ్ఞులు కావాలని, సంఘంలో అందరినీ రిటైరైన వాళ్ళనే వేశారు. వాళ్ళు ప్రతి పదానికీ ఒక అర్థం నిర్ధారించి, పలికే విధానం కూడా రాశారు.

‘బ్రో: సోదర సమానుడైన వ్యక్తి. స్త్రీలను కూడ పిలువవచ్చును. తల్లిదండ్రులను పిలువరాదు.’

‘చిల్: ఆందోళన చెందకుండుట. ఎదుటివారు ఆందోళన చెందుచున్నప్పుడు మాత్రమే పలుకవలెను.’

‘మెహ్: ఆసక్తి లేమిని తెలుపు ధ్వని. నోరు సగము తెరచి, భుజములు రెండును ఏకకాలమున ఎగురవేయవలెను. ఒక భుజము ఎగురవేసినచో మార్కులు లేవు.’

‘స్లే: కార్యమును అద్భుతముగా నిర్వర్తించుట. నిఘంటువునందు దీనికి చంపుట అని యున్నది. ఉపాధ్యాయులు నిఘంటువు చూడరాదు.’

ఒకే మాదిరిగా వినబడే పొట్టి మాటలను సంఘం ప్రత్యేకంగా పరిశీలించింది. ‘యో: పిలుపు. యే: సంతోషము. యా: అంగీకారము. యప్: త్వరిత అంగీకారము.’ యా, యప్‌లలో ఏది ఎక్కువ అంగీకారమో సంఘము పరిశీలనలో యున్నది అని కింద చిన్న అక్షరాల్లో వేశారు. ఈ నాలుగింటినీ ఒకే రోజు బోధించాలి. గందరగోళం ఒక్క రోజుతోనే పోతుందని.

టాబ్‌ను గోడకు బిగించారు. అది వింటుంది. ఆ పీరియడ్‌లో ఆమోదిత పదాలు పలికితే పచ్చ దీపం, పలకకుండా మరేదైనా పాఠం చెబితే ఎర్ర దీపం. ఎర్ర దీపం ఎక్కువసేపు వెలిగితే మెమో దానంతట అదే పైనుంచి బయలుదేరుతుంది. హెడ్మాస్టరు పేరు మీదకి.

మొదటి రోజు నేను కరదీపిక తెరిచాను. ‘యో’ అన్నాను. పిల్లలు ‘యో’ అన్నారు. ‘యే’ అన్నాను. ‘యే’ అన్నారు. మూడో బెంచీలోంచి గౌరీశ్వరి లేచింది. ఆ పిల్ల కుసుమకు ఇష్టమైన పిల్ల. ఇష్టం కాబట్టి ఎక్కువ తిట్లు తినేది.

“సార్, మరి పనసపండో?”

“కూర్చో అమ్మా.”

“దొంగెవుడో సెప్పనేదు టీచరు. ఆగి సెప్తానన్నాది.”

“పుస్తకంలో ఉంది కదా,” అన్నాను.

“పుస్తకాలు ఒట్టుకుపోనారు సార్. మొన్ననే.”

అది నిజం. పీరియడ్ మారింది కాబట్టి, పాత పీరియడ్‌కి చెందిన వాచకాలు పిల్లల సంచులకు అనవసరపు బరువని, వాటిని తీసుకెళ్ళి స్టోరు గదిలో పెట్టి సీలు వేశారు. పిల్లల వీపుల గురించి ప్రభుత్వం అంత ఆలోచించడం నేను అంతకు ముందు చూడలేదు.

నా సంచిలో కుసుమ సొంత వాచకం ఉంది. పెన్సిలు గీతలతో. బయటికి తీశాను. ‘చేతులు చాపండి అంది ముసలమ్మ’ అని ఒక్క వాక్యం చదివాను. పిల్లలు ముందుకు వంగారు. గోడ మీద ఎర్ర దీపం వెలిగింది. నేను చదవడం ఆపలేదు. ఇంకో రెండు వాక్యాలు చదివేసరికి వరండాలో దాలినాయుడు గారి చెప్పుల చప్పుడు వినబడింది. ఆయన పరిగెత్తడం ఎవరూ ఎరగరు. గుమ్మం దగ్గర నిలబడి, రొప్పుతూ, రెండు చేతులూ జోడించారు. మాట్లాడలేదు. మాట్లాడితే అది కూడా టాబ్ వింటుంది.

పుస్తకం మూసేశాను. సాయంత్రానికి ఆయనకు మెమో వచ్చింది. సంజాయిషీ రాయడానికి నా దగ్గరికే వచ్చారు. ఇంగ్లీషు మాస్టారిని కదా. రాసిచ్చాను.

మధ్యాహ్న భోజనం వండే అసిరమ్మకి ఈ సంగతంతా పిల్లలు చెప్పేశారు. మర్నాడు వంటపాక దగ్గర నన్ను ఆపింది.

“ఏటి బాబూ, ఆ గోడకి మేకులు కొట్టినది ఇనకుండా, ఇక్కడ పొయ్యికాడ సెప్పీలేరా? నా పొయ్యికి సెవుల్లేవు.”

బాగానే ఉందనిపించింది. ఏడో తరగతి పిల్లలు పళ్ళేలతో వచ్చి కూర్చున్నారు. నేను పుస్తకం తీశాను. గౌరీశ్వరి అన్నం కలపడం ఆపి, తల అడ్డంగా ఊపింది.

“ఇక్కడ వొద్దు సార్.”

“ఏం?”

“ఇది టీచరు పీరియడ్ కాదు. డ్రాయింగు సార్‌కి సేసినట్టు సెయ్యండి. అందరూ నిలబడాల. బెల్లు కొట్టాల.”

“కాకిలాగ అయినా పరవానేదు సార్,” అన్నాడు ఇంకొకడు.

అసిరమ్మ గరిటె ఆడించింది. “అయితే ఆ బెల్లేదో మీ పెద్ద మేస్టారినే అడగండి. ఆయనకి గంట కొట్టాలన్నా పైనుంచి కాయితం రావాల కదా!”

పిల్లలు చెప్పింది సబబే. వంటపాకలో చెబితే అది కథ అవుతుంది. పూర్తి కావలసింది పాఠం. పుస్తకం సంచిలో పెట్టేశాను.

పథకం నడుస్తుండగా తనిఖీకి నోడల్ అధికారి వచ్చారు. ఆయన పేరు త్రినాథ పాత్రుడు. జీపు ముందు ‘పద సామర్థ్య నోడల్ అధికారి’ అని కొత్త బోర్డు. ఆయన మాట్లాడినా రాసినట్టే ఉండేది. తరగతిలో వెనక బెంచీలో కూర్చుని, నన్ను బోధించమన్నారు.

నేను అన్నాను. పిల్లలు అన్నారు. భుజాలు ఎగరేశారు, రెండూ, ఏకకాలంలో. పచ్చ దీపం వెలుగుతూనే ఉంది. పాత్రుడు గారి మొహం మాత్రం వెలగలేదు.

“పదాలు వస్తున్నాయి. సహజత్వం రావడం లేదు,” అన్నారు.

“అంటే సార్?” అని దాలినాయుడు గారు చేతులు కట్టుకున్నారు.

“వ్యావహారికం అనగా నోటి నుండి అప్రయత్నంగా రావలసినది. మీ విద్యార్థులు ప్రయత్నిస్తున్నారు. అప్రయత్నంగా ఎలా రావాలో పదమూడవ పుటలో విధానం ఇవ్వబడింది. చదివారా?”

“చదివాం సార్.”

“ఉదయం సాధన చేయించండి. మూడవ పీరియడ్ నాటికి అప్రయత్నం సిద్ధించాలి. మీ పాఠశాల సహజత్వంలో మండలంలో అట్టడుగున ఉంది.” తర్వాత నా వైపు తిరిగారు. “మీ మొహంలో కూడా ఉత్సాహం లోపించినట్టు కనబడుతోంది. కారణం?”

“ఆయన భార్య ఈ మధ్యనే పోయారు సార్. ఈ క్లాసు టీచరు ఆవిడే,” అన్నారు దాలినాయుడు గారు.

“ఓహో. ఆ పీరియడేనా ఇది?” పాత్రుడు గారు తరగతి అంతా మళ్ళీ ఒకసారి చూశారు, స్థలం కొనబోయేవాడిలా. “సక్రమంగానే సంక్రమించింది.”

అప్పుడు నేను ఆనవాయితీ గురించి చెప్పాను. ఒక్క పీరియడ్ కావాలని అడిగాను. ఎక్కడ ఆగిందో చెప్పాను. ఎంత మిగిలిందో చెప్పాను. చాలా మెల్లగా, తక్కువ మాటల్లో చెప్పాను. ఆయన ఓపికగా విన్నారు.

“మాస్టారూ, మీ దుఃఖాన్ని ప్రభుత్వం అర్థం చేసుకోగలదు. కానీ తెలుగు పాఠం కోసం పథకం పీరియడ్‌ను వెనక్కి మళ్ళించడానికి నిబంధన లేదు. మరో మార్గం ఉంది. సంతాపాన్నే పథకంలో అంతర్భాగం చేయవచ్చు.”

“అంటే?”

“నమూనా సంతాప సభ. ఆమోదిత పదాలతో. జిల్లాలో ఇంతవరకు ఎవరూ చేయలేదు. యువతరం విషాదాన్ని ఎలా వ్యక్తం చేస్తుందో మన విద్యార్థులు ప్రదర్శిస్తారు. అది విజయవంతమైన పక్షంలో, మీ ఒక్క పీరియడ్ విషయం సానుభూతితో పరిశీలించబడుతుంది.”

నేను దాలినాయుడు గారి వంక చూశాను. ఆయన కళ్ళద్దాలు తుడుచుకుంటున్నారు.

ఒప్పుకున్నాను. ఒక్క పీరియడ్ కోసం.

సాధన మొదలయ్యాక ఒక ఇబ్బంది తెలిసింది. కరదీపికలో ఉన్నవన్నీ ఆనంద వర్గం పదాలు. విచార వర్గం పదాలు ఇంకా సంఘం దగ్గరే ఉన్నాయి. యువతరానికి విచారం ఉండవచ్చా కూడదా అన్నదాని మీద సభ్యుల్లో అభిప్రాయభేదం వచ్చి, ఆ వర్గం ఆగిపోయింది. నేను పాత్రుడు గారికి ఫోను చేశాను.

“ఆమోదం పొందని భావాన్ని బహిరంగ వేదిక మీద ప్రదర్శించరాదు,” అన్నారు. “ఉన్న పదాలతోనే నిర్వహించండి.”

“సార్, అవన్నీ సంతోషానివి.”

“సంతాపం పలికే పద్ధతిలో ఉంటుంది మాస్టారూ. పదంలో ఉండదు. మీరు భాషోపాధ్యాయులు, మీకు చెప్పాలా?”

పిల్లలకు పదాలు పంచాను. ఎవరికి ఏది రావాలో నేనే నిర్ణయించవలసి వచ్చింది. కుసుమ గురించి చెప్పడానికి, ‘మహా అద్భుతము’ అని అర్థం రాసిన ‘లిట్’ ఎవరికివ్వాలి, ‘స్లే’ ఎవరికివ్వాలి అని ఆలోచిస్తూ ఆమె కుర్చీ పక్కన నిలబడ్డాను. ముప్ఫయ్యేళ్ళుగా ఇంగ్లీషు చెబుతున్నాను. ఇంగ్లీషు మీద నాకు ఎప్పుడూ కోపం రాలేదు. అప్పుడు కూడా రాలేదు. ఆ మాటలేం పాపం చేశాయి. ఎక్కడో కుర్రాళ్ళు సరదాకి అనుకున్న మాటలు. వాటినీ మా పిల్లల్లాగే పట్టుకొచ్చి వరసలో నిలబెట్టారు.

“నాకు ‘యే’ ఇచ్చినారేటి సార్?” అంది గౌరీశ్వరి.

“చిన్న మాట. తేలిగ్గా వస్తుంది.”

“యే అంటే సంతోసం అని రాసున్నాది. టీచరు పోతే నాకు సంతోసమేటి? అననండి.”

“అన్నావంటే తర్వాత మనకి పీరియడ్ ఇస్తారమ్మా.”

ఆ పిల్ల నన్ను చూసింది. కుసుమ నన్ను అలాగే చూసేది, నేను బజారు నుంచి ముదిరిపోయిన బెండకాయలు తెచ్చినప్పుడు.

“అయితే అంటాను,” అంది.

సభ రోజున బడి ముందు పెద్ద ఫ్లెక్సీ కట్టారు. ‘నమూనా సంతాప సభ’ అన్న అక్షరాల కింద పాత్రుడు గారి బొమ్మ నిలువెత్తున, జాయింట్ డైరెక్టరు గారి బొమ్మ అంతకంటే ఎత్తున ఉన్నాయి. ఒక మూల గుండ్రంగా కుసుమ ఫోటో వేశారు. మిగతా బడుల హెడ్మాస్టర్లను నేర్చుకోవడానికి రప్పించారు. ఎవరూ ఆలస్యంగా రాలేదు. భోజనాలు ఉన్నాయని చెప్పారు.

జాయింట్ డైరెక్టరు గారు ప్రారంభోపన్యాసం చేశారు. “మృత్యువు అనునది ఒక బోధనావకాశం,” అన్నారు. “గతంలో సంతాప సభల్లో సుదీర్ఘ వాక్యాలతో కాలహరణం జరిగేది. ఏకాక్షర, ద్వ్యక్షర పదాలతో అదే సంతాపాన్ని పది రెట్లు త్వరగా పూర్తి చేయవచ్చునని ఈ రోజు రుజువు కానుంది.”

హెడ్మాస్టర్లు చప్పట్లు కొట్టారు. పిల్లలు వేదికెక్కారు. టాబ్‌ను గోడ నుంచి విప్పి వేదిక మీద స్టాండుకి తగిలించారు.

“కుసుమ టీచర్ వాజ్ లిట్,” అన్నాడు మొదటి వాడు.

“సో లిట్,” అన్నారు అందరూ.

“నో క్యాప్,” అన్నాడు రెండో వాడు. కరదీపికలో దానికి ‘అసత్యమాడుట లేదని ప్రమాణము, టోపీతో సంబంధము లేదు’ అని ఉంది. హెడ్మాస్టర్లలో ఒకాయన తన టోపీ తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు.

“టీచర్, యూ స్లేడ్,” అన్నాడు మూడో వాడు.

“ఎవ్రీడే స్లేడ్,” అన్నారు అందరూ.

“సార్, చిల్,” అని నాలుగో వాడు నాకేసి చెయ్యి చాపాడు. ఎదుటివారు ఆందోళన చెందుచున్నప్పుడు మాత్రమే పలుకవలెను. పచ్చ దీపం వెలుగుతూ ఉంది.

గౌరీశ్వరి ముందుకొచ్చింది. రెండు చేతులూ పైకెత్తాలి, నవ్వాలి, ‘యే’ అనాలి. చేతులెత్తింది. మొహం నవ్వడానికి సిద్ధం చేసుకుంది. నోరు తెరిచింది. ఆ చేతులు అలాగే పైన ఉన్నాయి. మాట రాలేదు. ఏడుపు వచ్చింది. చేతులు దించడం కూడా మర్చిపోయి, అలా ఎత్తుకునే, పిల్లలు ఏడ్చే పద్ధతిలో, గుక్కపట్టి ఏడ్చింది. పక్కనున్న వాడు ఆమెను చూసి మొదలుపెట్టాడు. తర్వాత వరసంతా. నాకు ‘చిల్’ చెప్పినవాడు అందరికంటే గట్టిగా ఏడ్చాడు.

వంటపాక దగ్గర నుంచి అసిరమ్మ కొంగు దోపుకుంటూ వచ్చింది. “ఏటయ్యా ఇది? ఆ గుంటల్ని ఏటి సేసినారు? దిగండర్రా, దిగండి!” అని వేదికెక్కి పిల్లల్ని కిందికి దింపడం మొదలుపెట్టింది.

పాత్రుడు గారు లేచి నిలబడ్డారు. ఆయన కళ్ళు మెరుస్తున్నాయి. కన్నీళ్ళేమో అని ఒక్క క్షణం నేను పొరపడ్డాను.

“చూశారా సార్!” అని జాయింట్ డైరెక్టరు గారి వైపు వంగారు. “అప్రయత్నం! పూర్తిగా అప్రయత్నం!”

“అవునవును,” అన్నారు జాయింట్ డైరెక్టరు గారు. “చాలా సహజంగా వచ్చింది. ఇది పదమూడవ పుట విధానమేనా?”

“దానికి మా జిల్లా స్థాయి మెరుగులు దిద్దాం సార్.”

సహజత్వంలో మా బడి అట్టడుగు నుంచి మొదటి స్థానానికి వచ్చింది. తర్వాత భోజనాలు జరిగాయి.

చేతులు కడుక్కుంటున్న పాత్రుడు గారి దగ్గర నేను నిలబడ్డాను. ఆయన మాట తప్పే మనిషి కాదు. సానుభూతితో పరిశీలిస్తానన్నారు, పరిశీలించారు. కొద్ది రోజులకే ఉత్తర్వు వచ్చింది. స్వర్గీయ కుసుమకుమారి గారి సేవలకు గుర్తింపుగా, నెల్లిపేట ఉన్నత పాఠశాల ఏడవ తరగతి మూడవ పీరియడ్‌కు ‘కుసుమకుమారి స్మారక స్లాంగ్ పీరియడ్’ అని నామకరణం చేయడమైనది. ఇది శాశ్వతము.

దాలినాయుడు గారు ఆ కాగితాన్ని జేబులో పెట్టుకోలేదు. బల్ల మీద నా ముందు పెట్టి, కిటికీలోంచి బయటికి చూశారు.

“వద్దని రాద్దామా మాస్టారూ?” అన్నారు.

“రాద్దాం సార్.”

రాశాం. గౌరవాన్ని తిరస్కరించుటకు కుటుంబ సభ్యులకు అధికారము లేదు అని జవాబు వచ్చింది.

చలికాలం వెళ్ళేసరికి పై అధికారి మారారు. కొత్తాయన ఏదో బడికి తనిఖీకి వెళితే, ఒక పిల్లాడు లేచి నిలబడి ‘యో బ్రో’ అని స్వాగతం చెప్పాడట. మర్నాడు పథకం రద్దయింది. ఆ పదాలన్నీ సంస్కారహీనములు, వాటిని పాఠశాలలో పలికినవారిపై, పలికించినవారిపై, విని ఊరుకున్నవారిపై చర్యలు తీసుకొనబడును. కరదీపికలు వెనక్కి పంపమన్నారు. అర్థ నిర్ధారణ సంఘాన్ని రద్దు చేసి, అవే పెద్దమనుషులతో పద నిర్మూలన సంఘం వేశారు. ఏ పదాలు నిర్మూలించాలో వాళ్ళకే బాగా తెలుసునని.

త్రినాథ పాత్రుడు గారు మళ్ళీ వచ్చారు. అదే జీపు. ‘పద నిర్మూలన నోడల్ అధికారి’ అని బోర్డు. పిల్లల్ని నిలబెట్టి ‘మెహ్’ అనగలరా అని అడిగారు. భయపడి ఎవరూ అనలేదు. భుజం కూడా కదల్చలేదు. సంతృప్తి చెందారు.

“నేను మొదటి నుంచీ దీనికి వ్యతిరేకినే మాస్టారూ,” అన్నారు నాతో.

“అయితే సార్, పీరియడ్ తెలుగుకి వచ్చేసినట్టేనా?”

ఆయన ఆలోచించారు. ఆలోచిస్తున్నప్పుడు ఆయన మొహంలో నిజంగానే బాధ కనిపిస్తుంది.

“మిగతా బడుల్లో వచ్చేసినట్టే. మీ సంగతి వేరు. రద్దయింది పథకం. మీది పథకం పీరియడ్ కాదు, స్మారక పీరియడ్. స్మారకాలను రద్దు చేయడం మృతులను అగౌరవపరచడం. ఆ పని ఈ ప్రభుత్వం చేయదు.”

“మరి అందులో ఏం చెప్పాలి సార్?”

“స్లాంగ్ చెప్పరాదు.”

“తెలుగు?”

“అది స్లాంగ్ పీరియడ్.”

దాలినాయుడు గారు మధ్యలో వచ్చారు. నలభై ఏళ్ళ సర్వీసులో ఆయన పై అధికారి మాటకి అడ్డురావడం అదే మొదటిసారి అయి ఉంటుంది. “సార్, నాలుగు పేజీల పాఠం. అరగంట పని. ఆ టాబ్ మీద ఒక తువ్వాలు కప్పేస్తాను. ఎవరికీ తెలీదు.”

“టాబ్‌ను కప్పడం నేరం. అది మన శాఖది కాదు, వేరే శాఖది. వాళ్ళు వచ్చి విప్పాలి. వాళ్ళకు రాయండి.”

“రాశాం సార్. పథకం ఉన్నంత కాలం విప్పకూడదన్నారు. పథకం లేదంటే, లేని పథకానికి సంబంధించి ఉత్తరప్రత్యుత్తరాలు చేయబోమన్నారు.”

“సక్రమమైన జవాబే,” అన్నారు పాత్రుడు గారు.

టాబ్ గోడకే ఉంది. ఆమోదిత పదాలన్నిటినీ దానిలోంచి తీసేశారు. ఇప్పుడు దానికి ఏ మాటా ఆమోదం కాదు. ‘యో’ అన్నా ఎర్ర దీపమే, ‘కూర్చోండి’ అన్నా ఎర్ర దీపమే. ఒక రోజు గౌరీశ్వరి తుమ్మితే కూడా వెలిగింది. దాలినాయుడు గారు దానికి సంజాయిషీ రాశారు. తుమ్ముటకు ఉద్దేశము లేదని.

కాబట్టి మూడో పీరియడ్‌లో మేము మాట్లాడుకోము. బెల్లు కొట్టగానే నేను వెళతాను. పిల్లలు లేచి నిలబడతారు, కూర్చుంటారు. గుమ్మం మీద ఇనప పలకకు రంగు వేసి కుసుమ పేరు రాయించి బిగించారు. పేరులో ఒక అక్షరానికి కొమ్ము చెరిగిపోయింది. కొంతమంది పిల్లలు కిటికీలోంచి చూస్తారు, కొంతమంది నన్ను చూస్తారు. కుసుమ కుర్చీలో నేను కూర్చోను, పక్కనే నిలబడతాను. పక్క గదిలో ఎనిమిదో తరగతి వాళ్ళు ఎక్కాలు గట్టిగా చదువుతుంటే ఆ శబ్దం మా గదిలోకి వస్తుంది, ఒక్కోసారి దానికి కూడా ఎర్ర దీపం వెలుగుతుంది. పీరియడ్ అయిపోయేదాకా అలా ఉండి, బెల్లు కొట్టాక బయటికి వస్తాను.

నిన్న వరండాలో గౌరీశ్వరి నా వెనకే వచ్చింది. “సార్, వచ్చే ఏడు మేం ఎనిమిదిలోకి ఎల్లిపోతాం. అప్పుడు ఆ పీరియడ్ మాది కాదు కదా?”

“కాదమ్మా.”

“మరి మీరు ఎవుళికి సెప్తారు?”

సంచిలో కుసుమ వాచకం ఉందో లేదో తడిమి చూసుకున్నాను.

దాలినాయుడు గారు ఈ నెలాఖరుకు రిటైరవుతున్నారు. నేను మళ్ళీ దరఖాస్తు పెట్టాను. పరిశీలనలో ఉంది అంటున్నారు. ఏడో తరగతికి కుసుమ పాఠం ఇంకా నాలుగు పేజీలు చెప్పవలసి ఉంది.